అప్‌డేట్: నాన్న గ్రాట్యుటీ గొడవ

ఇంతకుముందు అడిగాను కదా, నాన్న రికార్డ్ అసిస్టెంట్‌గా రిటైరయ్యాక, పన్నెండేళ్ల కింద ఇంక్రిమెంట్ తప్పు వేశామంటూ గ్రాట్యుటీలో 2 లక్షల పైన ఆపేశారని. మీరన్నట్టే లాయర్‌ని కలిశాం. ఆయన ఫైలు తెరవకముందే "జీతం ఎక్కువ పడితే తిరిగి కడతానని ఎక్కడన్నా సంతకం పెట్టారా" అని అడిగారు. పెట్టలేదు, నాన్న సర్వీస్ రిజిస్టర్ జిరాక్స్ మొత్తం రేషన్ కార్డు కవర్లోనే దాచుకున్నారు కాబట్టి చూపించగలిగాం. పెట్టి ఉంటే, అలా రాసిచ్చినవాళ్ల నుంచి వెనక్కి తీసుకోవచ్చన్న సుప్రీంకోర్టు 2016 జగదేవ్ సింగ్ తీర్పు మనకి అడ్డం పడేదట. లేదు కాబట్టి 2014 రఫీక్ మసీహ్ తీర్పు పట్టుకుని హైకోర్టులో రిట్ పిటిషన్ వేశాం, కింది స్థాయి ఉద్యోగుల నుంచి, రిటైరైనవాళ్ల నుంచి, ఐదేళ్లకి మించి ఎక్కువ ఇచ్చుకుంటూ పోయినా రికవరీ చెయ్యకూడదని సుప్రీంకోర్టు అందులో చెప్పింది.

మొన్న ఆర్డరొచ్చింది, రికవరీ కొట్టేశారు! సర్టిఫైడ్ కాపీ నాన్న ఆఫీసులో, కాగితాలు తీసుకునే ఇన్‌వార్డ్‌లో ఇచ్చి ముద్ర వేయించుకున్నాం, ముద్ర లేకుండా మాత్రం వదలకండి, తర్వాత అందలేదంటారు. డబ్బు ఇంకా పడలేదు. కోర్టిచ్చిన గడువు దాటితే కంటెంప్ట్ (కోర్టు ధిక్కరణ) కేసు వేద్దామన్నారు లాయర్ గారు, నాన్నేమో రోజూ పొద్దున్నే పాస్‌బుక్ పట్టుకుని బ్యాంకుకి వెళ్లొస్తున్నారు.