ఫుకుషిమా పొలాల్లో సీసియం: పొద్దుతిరుగుడు పనిచేస్తుందా, పైమట్టి చెక్కాల్సిందేనా?

చెలకనేల:
వ్యవసాయ డిప్లొమా విద్యార్థులకు నేల కాలుష్యం మీద తెలుగులో పాఠం రాస్తున్నాం. 2011లో జపాన్‌లోని ఫుకుషిమా అణు విద్యుత్ కేంద్రం ప్రమాదంలో సీసియం అనే రేడియోధార్మిక మూలకం పడిన వరి మళ్లను ఎలా బాగుచేశారన్నది అందులో ఒక భాగం. చాలాచోట్ల పొద్దుతిరుగుడు వేస్తే రేడియోధార్మికతను పీల్చేస్తుందని రాసి ఉంది. నిజమేనా? నిజమైతే అన్ని లక్షల సంచుల మట్టి ఎందుకు ఎత్తారు? పొటాష్ చల్లి కూడా వరి పండించారంటారు, ఎకరానికి ఎంత వేశారు? మన భూసార పరీక్ష కార్డులో ఉండే అంకెలతో పోల్చి చెబితే పిల్లలకు బాగా ఎక్కుతుంది.

మట్టిపరీక్ష:
పొద్దుతిరుగుడు మాట పాఠంలోంచి తీసేయండి, లేదా ఎందుకు పనిచేయదో లెక్కతో సహా పెట్టండి. జపాన్ వ్యవసాయ శాఖ 2011లోనే పొలంలో వేసి చూసింది. కిలో మట్టిలో 7,715 బెక్వెరెల్ (రేడియోధార్మికతను కొలిచే ప్రమాణం) సీసియం ఉంటే, పూతకొచ్చిన మొక్కలో కిలో పచ్చిబరువుకు వచ్చింది 52. చదరపు మీటరుకు 10 కిలోల పచ్చి మొక్క వచ్చిందనుకోండి, అది తీసుకుపోయేది 520 బెక్వెరెల్. అదే చదరపు మీటరులో 15 సెం.మీ. లోతు మట్టి సుమారు 150 కిలోలు, అందులో ఉన్నది పదకొండున్నర లక్షల బెక్వెరెల్. అంటే పంట మొత్తం కలిపి రెండు వేల వంతుల్లో ఒక వంతు. సీసియం-137 అర్ధాయువు (సగానికి తగ్గే కాలం) 30 ఏళ్లు కాబట్టి ఏమీ చేయకుండా వదిలేసినా ఏడాదికి 2.3 శాతం తగ్గుతుంది. పొద్దుతిరుగుడు తీసే దానికి ఇది నలభై రెట్ల పైమాటే.

ఇంత తక్కువ ఎందుకంటే బంకమట్టి వల్ల. అందులోని ఇల్లైట్, వెర్మిక్యులైట్ అనే ఖనిజాల పలకల అంచులు కొద్దిగా విచ్చుకుని ఉంటాయి. సీసియం అయాన్ ఆ సందుల్లో సరిగ్గా ఇరుక్కుంటుంది. రోజులు గడిచేకొద్దీ సందు మూసుకుపోతుంది, ఇక వేరుకు అందదు. చెర్నోబిల్ దగ్గర 1990ల్లో పొద్దుతిరుగుడును తెప్పల మీద పెంచి, వేళ్లు చెరువు నీళ్లలోకి వదిలి చూశారు. నీళ్లలో పట్టుకోవడానికి బంకమట్టి లేదు కాబట్టి అక్కడ వేళ్లు బాగా లాగాయి. ఆ నీళ్ల ఫలితాన్ని మట్టికి అంటగట్టడంతోనే ఈ ప్రచారం మొదలైంది.

దమ్ముచక్రం:
మట్టి ఎత్తడం గురించి నేను చెబుతాను. పైనుంచి పడిన సీసియం దున్నని పొలంలో చాలావరకు పై 5 సెం.మీ.లోనే నిలిచిపోయింది. అందుకే చెక్కితే పోతుంది. ప్రమాదం తర్వాత ఒక్కసారి రోటవేటర్ తిప్పినా అది 15 సెం.మీ. దాకా కలిసిపోతుంది, ఇక చెక్కడానికి అర్థం ఉండదు. కాబట్టి మొదటి నియమం, దున్నకూడదు.

2011 ప్రయోగాల్లో వచ్చిన అంకెలు ఇవి. పొడి మడిలో పైమట్టిని పగలగొట్టి చెక్కి ఎత్తితే కిలోకు 10,370 బెక్వెరెల్ నుంచి 2,599కి దిగింది, 75 శాతం తగ్గుదల. మెగ్నీషియం రకం గట్టిపరిచే మందు చల్లి, పైపొర బిగిశాక 3 సెం.మీ. చొప్పున ఎత్తితే 82 శాతం. మందు వల్ల పొర తెల్లగా కనబడుతుంది, ఎక్కడ వదిలేశామో డ్రైవరుకు కంటికే తెలుస్తుంది. గడ్డి భూమిలో పచ్చికను వేళ్లతో సహా 3 సెం.మీ. చాపలా ఒలిస్తే 97 శాతం, ఎందుకంటే సీసియమంతా ఆ వేళ్ల అల్లికలోనే ఉంది. నీళ్లు పెట్టి పైపైన దమ్ము చేసి, బురద నీళ్లు తోడేసే పద్ధతిలో 36 శాతమే వచ్చింది. సన్నని బంక రేణువులు నీళ్లలో తేలతాయి, వాటితో సీసియం పోతుంది, మట్టి పరిమాణం బాగా తగ్గుతుంది. కానీ ఇసుక పాలు ఎక్కువున్న మడిలో ఆ సన్నపొడి పోతే నేల ఇంకా బలహీనపడుతుంది.

పాడయ్యేది ఎక్కడంటే లోతు దగ్గర. ఎకరంలో 5 సెం.మీ. అంటే 200 ఘనపు మీటర్లు, ఒక ఘనపు మీటరు పట్టే సంచులు రెండు వందలు. ఒక్క సెం.మీ. ఎక్కువ లోతు పోతే ఇంకో 40 సంచులు. ఇంత మట్టి ఎక్కడ పెట్టాలన్నదే ఈ పద్ధతికి అసలు చిక్కు. ఒకుమా, ఫుతాబా పట్టణాల్లో 1,600 హెక్టార్ల తాత్కాలిక నిల్వ స్థలానికి సుమారు కోటీ నలభై లక్షల ఘనపు మీటర్లు చేరింది. చట్టం ప్రకారం 2045 మార్చికల్లా దాన్ని ఫుకుషిమా బయట శాశ్వతంగా పెట్టాలి. మట్టి తడిగా ఉన్నప్పుడు యంత్రం దింపితే టైరు గాడిలోంచి పైమట్టి కిందికి దిగబడుతుంది, ఆ గాళ్లలో రేడియేషన్ మీటరు అంకె మళ్లీ ఎగబాకుతుంది. గడ్డి కోసి ఎత్తకుండా చెక్కితే పార గడ్డి మీద జారి, పొర ఎగుడుదిగుడుగా వస్తుంది. చెక్కాక నింపింది గ్రానైటు కొండల మొరం. దాన్లో సేంద్రియ పదార్థం లేదు, రాళ్లున్నాయి, భారీ యంత్రాలు తొక్కి కింద గట్టిపొర కట్టింది. సబ్‌సాయిలర్‌తో చీల్చి, పశువుల ఎరువు వేస్తేగానీ పైరు నిలదొక్కుకోలేదు. ఆ ఎరువుకూ కిలోకు 400 బెక్వెరెల్ పరిమితి ఉంది, పరీక్ష చేయకుండా వాడకూడదు.

కాలుష్యం తక్కువున్న చోట ఎత్తకుండా లోదుక్కి చేసి పైమట్టిని 30 సెం.మీ. కిందికి తిరగేశారు. మామూలు నాగలి మట్టిని కలుపుతుంది, దీనికి పూర్తిగా బోర్లించే నాగలి కావాలి. వరి మడిలో అది దమ్ముపొరను పగలగొడుతుంది, తర్వాత నీళ్లు నిలవవు. భూగర్భజలం పైకి ఉన్న చోట చేయకూడదు. తర్వాతి ఏళ్లలో అంత లోతు దుక్కి మళ్లీ చేస్తే పూడ్చిందంతా పైకొస్తుంది.

మట్టిపరీక్ష:
ఇక పొటాష్. నా దృష్టిలో పాఠంలో ఎక్కువ జాగా దీనికే ఇవ్వాలి.

2011లో నాట్లకు పెట్టిన హద్దు కిలో మట్టికి 5,000 బెక్వెరెల్. మట్టిలో ఉన్నదాంట్లో పదో వంతు గింజకు పోతుందని అనుకుని, అప్పటి బియ్యం పరిమితి 500కి సరిపెట్టారు. కానీ అదే ఏడాది నవంబరులో ఫుకుషిమా నగరం ఒనామి ప్రాంతపు బియ్యంలో 630 వచ్చింది. వెతికితే తేలింది ఏమిటంటే, మట్టిలో సీసియం ఎంత అన్నదానికంటే వేరుకు అందే పొటాషియం ఎంత అన్నదే గింజను నిర్ణయించింది. వేరు పొటాషియం తీసుకునే దారిలోనే సీసియమూ లోపలికి దూరుతుంది. పొటాషియం కొరవడితే ఆ దారి సీసియానికి తెరుచుకున్నట్టే. 2012 ఏప్రిల్ నుంచి బియ్యం పరిమితిని 100కి దించారు, దాంతో ఇది ఇంకా ముఖ్యమైంది.

లక్ష్యం: 100 గ్రాముల ఎండు మట్టికి 25 మి.గ్రా. మార్పిడి పొటాష్ (వేరుకు అందే పొటాషియం, K2O లెక్కలో). మన కార్డు లెక్కలోకి మారిస్తే హెక్టారుకు సుమారు 465 కిలోల పొటాషియం. మన దగ్గర 280 దాటితేనే ‘ఎక్కువ’ అని రాస్తారు, అంటే పైరుకు చాలినదానికంటే చాలా పైన పెట్టారు. పరీక్షలో 10 మి.గ్రా. వచ్చిందనుకుంటే తేడా 15. 15 సెం.మీ. లోతుకు హెక్టారుకు 225 కిలోల పొటాష్, మ్యూరేట్ ఆఫ్ పొటాష్ 60 శాతం కాబట్టి 375 కిలోలు, ఎకరానికి మూడు బస్తాలు. దమ్ముకు ముందే వేయాలి. పిలకల దశలో లోపలికి పోయిన సీసియం తర్వాత గింజకు చేరుతుంది, ఆలస్యంగా వేసిన పొటాష్ దాన్ని ఆపలేదు.

జాగ్రత్తలు రెండు. అమ్మోనియం అయాన్ సీసియాన్ని బంకమట్టి అంచు నుంచి నెట్టేస్తుంది, అందుకే నత్రజని అతిగా వేయకూడదు. గడ్డి భూముల్లో పొటాష్ మితిమీరితే పశువులకు మెగ్నీషియం అందక వణుకు జబ్బు వస్తుంది.

చెలకనేల:
చాలా ఉపయోగపడింది, ధన్యవాదాలు. ఇంకో రెండు అడుగుతాను. వరిగడ్డిని పొలంలోనే కలిపేయొచ్చా? కడప జిల్లా తుమ్మలపల్లె యురేనియం గని విషయంలో పిల్లలు తప్పకుండా అడుగుతారు, అక్కడ కూడా ఈ పొటాష్ పద్ధతేనా?

గామా_662:
గడ్డి సంగతి: వరి తీసుకున్న పొటాష్‌లో పెద్ద భాగం గడ్డిలోనే ఉంటుంది. గడ్డి బయటికి తీసుకుపోతే నేల పొటాష్ ఏటా పడిపోతుంది, మూడు నాలుగేళ్లకు గింజలో సీసియం మళ్లీ పెరగొచ్చు. కొలిచి తక్కువుందని తేలితే కలపడమే మేలు. గింజలో కూడా సీసియం పై పొరల్లో ఎక్కువ, మర పట్టిస్తే బియ్యంలో సగానికి పైగా తగ్గి తవుడులోకి చేరుతుంది. దాణాగా వేసే తవుడును విడిగా కొలవాలి.

కొలతలో జరిగే తప్పు ఒకటి పాఠంలో పెట్టండి. 5,000 బెక్వెరెల్ మట్టి అంటే గ్రాముకు 5. కిలో గడ్డికి 20 గ్రాముల బురద అంటుకుని ఉంటే అదే 100 బెక్వెరెల్ అయిపోతుంది, మొక్క ఏమీ తీసుకోకపోయినా. దుబ్బు మొదలు 10 సెం.మీ. వదిలి కోసి, కడిగి, ఆరబెట్టాకే కొలవండి. మట్టి అయితే మడిలో ఐదు చోట్ల 15 సెం.మీ. గొట్టంతో తీసి, ఆరబెట్టి, 2 మి.మీ. జల్లెడ పట్టి, డబ్బాను ప్రతిసారీ అదే ఎత్తుకు నింపాలి. దున్నని నేలలో 0–5, 5–10, 10–15 వేరువేరుగా తీయాలి. అన్నీ కలిపితే పైపొర తీవ్రత పలచబడి, చెక్కాలా వద్దా అన్నది తేలదు.

ఫుకుషిమాలో 2012 పంట నుంచి ప్రతి 30 కిలోల సంచినీ బెల్టు మీద పంపి కొలిచారు. ఆ ఏడాది కోటికి పైగా సంచుల్లో 71 పరిమితి దాటాయి, 2015 పంటలో ఒక్కటీ దాటలేదు.

తుమ్మలపల్లెకు ఈ పద్ధతి వర్తించదు. యురేనియం పొటాషియం దారిలో పోదు, బంకమట్టి సందుల్లో సీసియంలా ఇరుక్కోదు. అక్కడి ఖనిజం సున్నపు జాతి రాళ్లలో ఉంది, శుద్ధి కూడా క్షార పద్ధతిలోనే చేస్తారు. క్షార నేలలో యురేనియం కార్బొనేట్‌తో జతకట్టి నీళ్లలో కదులుతుంది, కాబట్టి ముందు చూడాల్సింది బోరు నీళ్లు. తాగునీటికి ప్రపంచ ఆరోగ్య సంస్థ సూచించిన హద్దు లీటరుకు 30 మైక్రోగ్రాములు. శాంపిల్‌ను 0.45 మైక్రాన్ల ఫిల్టర్‌తో వడకట్టి, నైట్రిక్ ఆమ్లంతో పీహెచ్ 2 కిందికి తెచ్చాకే సీసా మూయాలి. లేకపోతే యురేనియం కొంత సీసా గోడకు అంటుకుని, ల్యాబ్‌లో ఉన్నదానికంటే తక్కువ చూపిస్తుంది.