సమస్యాపూరణం: "చుట్ట గాల్చిన యత్తకు జోత లిడిరి"

నిర్వాహకుడు:
ఈ వారం సమస్య తేటగీతిలో. ఇది చివరి పాదం, పై మూడు పాదాలు మీరు కట్టి అర్థం కుదర్చాలి.

చుట్ట గాల్చిన యత్తకు జోత లిడిరి

అత్తగారు చుట్ట కాల్చడమేమిటి, కాల్చినందుకు దణ్ణాలు పెట్టడమేమిటి అని నన్నడక్కండి. ఆ చిక్కు విప్పడమే మీ పని. దత్తాంశం, అంటే పద్యంలో రావలసిన విషయం: ఇంట్లో ఓవెన్‌లో చేసుకునే కోడి, కూరగాయల ఎంచిలాడా. ఎరగనివారి కోసం రెండు ముక్కలు చెబుతాను. టోర్టియా అనే పలచటి మొక్కజొన్న రొట్టెలో ఉడికిన కోడి చీలికలు, మగ్గిన కూరలు పెట్టి చుట్టి, ట్రేలో పక్కపక్కనే పేర్చి, పైన ఎండుమిరప సాసు పోసి, చీజు చల్లి, 180 డిగ్రీల సెల్సియస్ దగ్గర 20 నిమిషాలు కాలుస్తారు. దీని పుట్టిల్లు మెక్సికో. ఇలా చీజు దట్టంగా వేసి ఓవెన్‌లో కరిగించడం టెక్సస్ వైపు బాగా అలవాటు.

పద్యంలోకి పొగాకు రాకూడదు. పాదానికి ఒక సూర్యగణం, రెండు ఇంద్రగణాలు, రెండు సూర్యగణాలు. నాలుగో గణం మొదటి అక్షరం యతి. ప్రాసయతి (యతి బదులు ఆ రెండు చోట్లా రెండో అక్షరాలు కలవడం) చెల్లుతుంది. ఇంకొక షరతు నా సొంతం: పద్యం ఎంత బాగా నడిచినా సరే, వంట తప్పితే ఒప్పుకోను.

కారంపొడి:
మాస్టారూ, బోణీ నాది.

మొక్కజొన్నల రొట్టెలో ముక్కలుంచి
కోడి మాంసమ్ము కూరలు కూర్చి చుట్టి
యెఱ్ఱ మిరపల రసముతో నింపుమీర
చుట్ట గాల్చిన యత్తకు జోత లిడిరి

యతిభటుడు:
సమస్య హాయిగా విడిపోయింది. మూడో పాదంలో ఎ–ఇ యతి చక్కగా పడింది. అయితే ముందు "ముక్కలుంచి" అనేశాక మళ్లీ కోడిమాంసం కూర్చడం ఎందుకండీ? ఒకే కోడిని రెండుసార్లు వండినట్టుంది. మొదటి పాదం "మొక్కజొన్నల రొట్టెలో ముచ్చటగను" అంటే సరిపోతుంది.

కారంపొడి:
ముచ్చటగను అనే మారుస్తున్నాను. ధన్యవాదాలు.

నిర్వాహకుడు:
ఎర్ర మిరపల రసం అన్నారు కాబట్టి ఒక మాట. మీ పేరు చూసి భయమేసింది. గుంటూరు మిరపతో ఈ సాసు చేస్తే రెండో చుట్ట ఎవరూ ముట్టరు. మెక్సికోలో దీనికి గువాహియో, ఆంచో వంటి ఎండుమిరపలు వాడతారు. వాటిలో రంగు, వాసన ఎక్కువ, కారం తక్కువ. గింజలు దులిపి, పెనం మీద కమ్మటి వాసన వచ్చేదాకా వేడి చేసి (మాడితే చేదు), వేడినీళ్లలో నానబెట్టి, వెల్లుల్లి, ఉల్లి వేసి రుబ్బుతారు. ఆ మెత్తటి ముద్దను కాసిన్ని నూనెలో వేయించి పలుచన చేస్తారు. మన దగ్గర దొరికే వాటిలో దానికి దగ్గరైనది బ్యాడగి మిరప. అయినా మిరపకాయ ఆ ఖండం నుంచి పోర్చుగీసు ఓడల్లో మనకు వచ్చిందే. వచ్చాక గుంటూరులో దానికి కోపం పెరిగింది, అంతే.

నాగావళి గట్టు:
మా వైపు ఈ సమస్యకు పూరణే అక్కర్లేదు మాస్టారూ, అది ఉన్న మాటే!

ఉత్తరాంధ్రను పల్లెల నున్నయట్టి
నిప్పు నోటను బెట్టుక నిలిచి యుండి
యడ్డచుట్టను బీల్చుచు హాయిగాను
చుట్ట గాల్చిన యత్తకు జోత లిడిరి

యతిభటుడు:
అడ్డచుట్ట, హాయి. అ–హ యతి బాగుంది. కానీ మీరు సమస్యను విప్పలేదు, ఒప్పేసుకున్నారు.

నిర్వాహకుడు:
పొగాకు వద్దన్నాను కదా బాబూ. నిప్పున్న కొస నోట్లో పెట్టుకుని కాల్చే అవ్వలు శ్రీకాకుళం, విశాఖ పల్లెల్లో ఉన్న మాట నిజమే, ఆ అలవాటు అంగిలికి పుండ్లనూ క్యాన్సర్‌నూ తెచ్చిన మాటా నిజమే. దానికి జోతలు పెట్టలేను. మళ్లీ ప్రయత్నించండి. మీకు ధార ఉంది.

డాలస్ కోడలు:
మా ఇంటి సంగతే మాస్టారూ.

వచ్చి డాలసు కోడలి వంటయింట
నోవెనును జూచి బెదరక యోర్పుతోడ
కాప్సికము కోడిముక్కలు కలిపి చుట్టి
చుట్ట గాల్చిన యత్తకు జోత లిడిరి

కారంపొడి:
"ఓవెనును జూచి బెదరక" అన్న చోట మా అమ్మ కళ్లముందు మెదిలిందండీ. బ్రహ్మాండం.

యతిభటుడు:
నాకూ నచ్చింది. అయితే జోతలిడినది ఎవరమ్మా? పద్యంలో కర్త ఎక్కడా కనబడడు. సమస్యలో "ఇడిరి" అని బహువచనం ఉన్నప్పుడు ఆ బహువచనాన్ని మోసే మనుషులు పై మూడు పాదాల్లో ఎక్కడో ఉండాలి.

కొత్తచేయి:
"మనుమ లెల్లరు మురియుచు మరల మరల" అని పెడితే?

యతిభటుడు:
గణాలూ యతీ సరిపోయాయి, వరస కుదరలేదు. మనుమలకు ఆవిడ నానమ్మ అవుతుంది గానీ అత్త ఎలా అవుతుంది?

నిర్వాహకుడు:
మొదటి పాదం మార్చి చూడండి.

ఎంచిలాడల రుచిజూచి యింటివార
లోవెనును జూచి బెదరక యోర్పుతోడ
కాప్సికము కోడిముక్కలు కలిపి చుట్టి
చుట్ట గాల్చిన యత్తకు జోత లిడిరి

డాలస్ పోయింది, ఇంటివారు వచ్చారు. వంటకం పేరు కూడా పద్యంలో చేరింది, ఇప్పటిదాకా ఎవరూ దాన్ని పెట్టలేదు. అమ్మా, ఒక సందేహం. కాప్సికం పచ్చిగానే చుట్టారా, మగ్గించారా?

డాలస్ కోడలు:
సవరణకు నమస్కారాలు. మగ్గించాకే. కాప్సికం, జుకినీ, పాలకూర ఏదైనా ముందు పెనం మీద నీరు ఇగిరేదాకా తిప్పాలి, లేకపోతే ఆ నీరంతా ట్రేలో దిగి రొట్టెలు ముద్దవుతాయి. అత్తయ్యది ఇంకో పద్ధతి. టోర్టియాను సాసు తగలకముందు వేడి నూనెలో అటూ ఇటూ తిప్పి తీసేస్తారు. దాంతో చుట్టేటప్పుడు విరగదు, సాసు కూడా వెంటనే లోపలికి పీల్చుకోదు. ట్రే అడుగున గరిటెడు సాసు రాసి, అతుకు కిందికి వచ్చేలా పేరుస్తారు.

నాగావళి గట్టు:
చపాతీలతో చేసుకోవచ్చాండీ? ఇక్కడ టోర్టియాలు ఎక్కడ దొరుకుతాయి!

డాలస్ కోడలు:
చేసుకోవచ్చు అన్నయ్యా, కానీ గోధుమ రొట్టె సాసులో నానితే జిగురుగా అయిపోతుంది. చపాతీ పలచగా ఒత్తి, కాస్త గట్టిగా కాల్చి, సాసు తగ్గించండి.

కొత్తచేయి:
నా మొదటి పూరణ. తప్పులుంటే చెప్పండి గురువుగారూ.

పచ్చి కోడిని ముక్కలై పఱచి చుట్టి
పదియు నైదు నిమిషములు పైన బెట్టి
కాచి దింపగ జనులెల్ల గడుపునిండ
చుట్ట గాల్చిన యత్తకు జోత లిడిరి

యతిభటుడు:
మొదటి పూరణ అంటే నమ్మబుద్ధి కావడం లేదు. ప–పై యతి తెలిసి వేసినవాడు కొత్తవాడు కాదు. ఛందస్సులో వేలు పెట్టడానికి చోటు లేదు. "ముక్కలై" బదులు "ముక్కలుగ" అనాలి, కానీ గణం ఒప్పుకోదు. అదొక్కటే నలుసు.

నిర్వాహకుడు:
నలుసు అక్కడ కాదు యతిభటుడు గారూ, మొదటి మాటలోనే ఉంది. పచ్చి కోడి! చుట్ట లోపల, సాసు కింద, చీజు దుప్పటి కింద ఉన్న పచ్చిమాంసం పదిహేను నిమిషాల్లో ఉడకదు. కోడిమాంసం లోపలి వేడి 74 డిగ్రీల సెల్సియస్‌కు చేరితేనే తినడానికి భద్రం. పైన చీజు బంగారు రంగుకు తిరిగి ఊరిస్తుంటుంది, లోపల ముక్క ఇంకా గులాబీ రంగులోనే ఉంటుంది. ఆ జనులెల్ల జోతలు కాదు, ఆసుపత్రి దారి పట్టేవారు. ఈ వంటలో ఓవెన్ పని ఉడికించడం కాదు. అన్నీ వేడెక్కి, సాసు పట్టి, చీజు కరగడానికే ఆ 20 నిమిషాలు. కోడిని ముందే ఉల్లి, వెల్లుల్లితో ఉడికించి చీలికలు చేసుకోవాలి. ఆ ఉడికిన నీళ్లు సాసులో పోస్తే రుచి.

కొత్తచేయి:
అయితే ఇలా:
"పక్వమౌ కోడి ముక్కలు పఱచి చుట్టి"

యతిభటుడు:
నా నలుసూ పోయింది, ఆయన నలుసూ పోయింది. శెభాష్.

రోలు-రోకలి:
నేను కోడి జోలికి వెళ్లలేదు, రొట్టె జోలికి వెళ్లాను.

సున్నమందున నుడికించి మొక్కజొన్న
రోట రుబ్బియు రొట్టెలై రూపుగొనగ
మెక్సికో వారి మిరపల మేళవించి
చుట్ట గాల్చిన యత్తకు జోత లిడిరి

యతిభటుడు:
మొదటి పాదంలో యతి లేదు. సు–మొ కుదరవు, ప్రాసయతి అందామన్నా న్న–క్క. చివర "జొన్నగింజ" అంటే యతి పడుతుంది కానీ ధాన్యమే మారిపోతుంది.

నిర్వాహకుడు:
తిరగేస్తే చాలు: "మొక్కజొన్నను సున్నాన ముంచి వండి". కోడి, కూరలు లేవని దత్తాంశం ప్రకారం మార్కులు తగ్గించాలి. కానీ సున్నం పట్టుకొచ్చినందుకు తగ్గించబుద్ధి కావడం లేదు.

కారంపొడి:
సున్నమేమిటండీ? తాంబూలమా, వంటా?

రోలు-రోకలి:
వంటే! మెక్సికోలో, దాని చుట్టుపక్కల దేశాల్లో వేల ఏళ్ల నాటి పద్ధతి అది. మొక్కజొన్న గింజల్ని సున్నపు నీళ్లలో ఉడికించి రాత్రంతా అలాగే ఉంచుతారు. పైపొట్టు ఊడొస్తుంది, రుబ్బిన పిండికి జిగి వస్తుంది. మన మరలో ఆడించిన మొక్కజొన్న పిండితో చేసిన రొట్టె చుట్టబోతే పగిలేది ఈ జిగి లేకే. కొనేవాళ్లు ప్యాకెట్ మీద మాసా హరీనా (ఇలా సున్నంతో వండిన గింజల పిండి) అని ఉందో లేదో చూసుకోవాలి, ఉత్త మొక్కజొన్న పిండి పనికిరాదు. ఇంకో సంగతి. గింజలో బిగుసుకుని ఉండే నయాసిన్ అనే విటమిన్ ఈ సున్నంతోనే ఒంటికి అందేలా మారుతుంది. యూరప్ వాళ్లు మొక్కజొన్నను పట్టుకెళ్లారు గానీ సున్నాన్ని పట్టుకెళ్లలేదు. ఇటలీలోనూ, తర్వాత అమెరికా దక్షిణ రాష్ట్రాల్లోనూ మొక్కజొన్న మీదే బతికిన పేదలను ఆ నయాసిన్ లోపంతో వచ్చే పెల్లాగ్రా జబ్బు పీడించింది.

నాగావళి గట్టు:
పద్యం కన్నా వ్యాఖ్యానం గొప్పగా ఉంది మహాశయా.

వియ్యంకుడు:
ఆలస్యంగా వచ్చాను. అందరూ అత్తను తెలుగావిణ్ణే చేశారేం?

మెక్సికో కన్య మనువాడ మెచ్చినట్టి
తెలుగువాడును జుట్టాలు తిండివేళ
కోడి చిక్కుడు చీజును గూర్చి పేర్చి
చుట్ట గాల్చిన యత్తకు జోత లిడిరి

కొత్తచేయి:
ఆహా! అల్లుడి అత్త!

యతిభటుడు:
కర్త ఉన్నాడు, బహువచనం ఉంది, వరస సరిపోయింది, నాలుగు యతులూ పడ్డాయి. నాకు పని లేదు. ఒక్క పేచీ పెడతాను. మెక్సికో అత్తగారు ఓవెన్ జోలికి వెళ్తుందా? అక్కడ చాలా ఇళ్లలో టోర్టియాను సాసులో ముంచి, పెనం మీద తిప్పి, కూర పెట్టి, పైన పచ్చి ఉల్లి, తురిమిన చీజు చల్లి నేరుగా వడ్డిస్తారంటారు. మరి "గాల్చిన" ఎలా?

వియ్యంకుడు:
అక్కడా ఓవెన్ రకం ఉంది సార్. ఎంచిలాడాస్ సుయిసాస్ అని, కోడి పెట్టి, ఆకుపచ్చ సాసు, మీగడ, చీజు వేసి పైన రంగు వచ్చేదాకా కాలుస్తారు. కూరగాయలే కావాలంటే మెక్సికోలోనే గ్వానహ్వాతో వైపు ఎంచిలాడాస్ మినేరాస్ చూడండి, పైన వేయించిన బంగాళాదుంప, క్యారెట్ పోస్తారు. పద్యంలో చిక్కుడు అన్నది నల్ల చిక్కుడు గింజలు.

యతిభటుడు:
పేచీ వాపసు తీసుకున్నాను.

నిర్వాహకుడు:
ఈ వారం పీట వియ్యంకుడు గారిదే. "అత్త" అన్న మాటను మన వంటింటి నుంచి లాగి దాని సొంత దేశంలో కూర్చోబెట్టారు, అందుకు. కోడి, కూరల షరతు చూస్తే కారంపొడి గారిది నిండైన పూరణ. నాదీ ఒకటి. ఇది ఫ్రిజ్‌లో నిన్నటి కోడికూర ఉన్నవాళ్లకు.

మిగిలినట్టి నిన్నటి కూర మేలుగూర్చు
ననుచు రొట్టెల నూనెలో నట్టె ముంచి
కూరలను జుట్టి సాసును గుమ్మరించి
చుట్ట గాల్చిన యత్తకు జోత లిడిరి

యతిభటుడు:
మాస్టారూ, మీ పద్యంలోనూ కర్త లేడు.

నిర్వాహకుడు:
తిన్నవాళ్లు అనుకోండి! సరే, ఒప్పుకున్నాను, నాకు బహుమతి లేదు. వచ్చే వారం సమస్య, తేటగీతే:

కోడి లేకయె కోడినే గూర్చి వండె

నాగావళి గట్టు:
పనసపొట్టు రానివ్వొచ్చా మాస్టారూ?

నిర్వాహకుడు:
రానివ్వండి. చుట్ట మాత్రం ఇంటి దగ్గరే పెట్టి రండి.