1925 పాట్స్‌విల్ మెరూన్స్: ఆ టైటిల్ అసలు ఎవరిది?

ఈగల్స్ టోపీ (ఫిలడెల్ఫియా):
ఇండియా నుంచి అత్తయ్య, మావయ్య వచ్చారు. న్యూయార్క్, నయాగరా అయిపోయాయి, ఇంకేం చూపించాలో తోచక మొన్న శనివారం పాట్స్‌విల్ తీసుకెళ్లా. 1829 నాటి యుంగ్లింగ్ బ్రూవరీ అక్కడే ఉంది, మావయ్యకి అదొక్కటే హుషారు. బయటికొచ్చి బెంచీ మీద కూర్చుంటే ఓ పెద్దాయన నా ఈగల్స్ టోపీ చూసి పలకరించాడు. మాటల్లో మాటగా, మా ఊరికీ ఒక ఎన్‌ఎఫ్‌ఎల్ (అమెరికా ప్రొఫెషనల్ ఫుట్‌బాల్ లీగు) ఛాంపియన్‌షిప్ ఉంది, లాగేసుకున్నారు అన్నాడు. ఎప్పుడండీ అంటే 1925 అట! నవ్వొచ్చింది గానీ ఆయన మొహం చూసి మింగేశా. అరగంట చెప్పాడు, సగం బుర్రకెక్కలేదు. మంచు, చికాగో, ఏదో ఫోన్ కాల్, నోటర్ డామ్... అంత చిన్న ఊళ్లో ఎన్‌ఎఫ్‌ఎల్ టీమా? ఎవరికైనా ఈ కథ తెలిస్తే చెప్పండి.

క్యాంటన్ కాపురం (ఒహాయో):
ఉండేది అన్నా. ఈ లీగు పుట్టిందే 1920లో మా క్యాంటన్‌లో, ఓ కార్ల షోరూమ్‌లో కూర్చుని మాట్లాడుకుంటే. 1925కి 20 టీములయ్యాయి. డులూత్, రాక్ ఐలండ్, గ్రీన్ బే, అన్నీ ఇలాంటి ఊళ్లే.

పాట్స్‌విల్‌ని అదే ఏడు చేర్చుకున్నారు. కారణం ఆదివారం. పెన్సిల్వేనియాలో ఆదివారం ఆటలు ఆడకూడదని పాత చట్టం. ఫిలడెల్ఫియాలో దాన్ని గట్టిగా పట్టించుకునేవాళ్లు కాబట్టి అక్కడి ఫ్రాంక్‌ఫర్డ్ యెల్లో జాకెట్స్ సొంతగడ్డ మీద శనివారాలు ఆడేవాళ్లు. పాట్స్‌విల్ లాంటి బొగ్గు ఊళ్లలో ఆ చట్టాన్ని అడిగే నాథుడు లేడు. బయటి టీము ఒక్క రైలు ఖర్చుతో శనివారం ఫ్రాంక్‌ఫర్డ్‌తో, ఆదివారం పాట్స్‌విల్‌తో ఆడి రెండు గేట్ల (టికెట్ల) డబ్బు పట్టుకెళ్లొచ్చు. అదీ లెక్క.

ఓనరు జాన్ స్ట్రీగల్ అనే సర్జన్. కోచ్ డిక్ రాచ్. మిగతా చాలా టీముల ఆటగాళ్లు ఎక్కడెక్కడో ఉద్యోగాలు చేసుకుంటూ మ్యాచ్ రోజు దిగేవాళ్లు. రాచ్ మాత్రం అందరూ ఊళ్లోనే కాపురం ఉండి రోజూ ప్రాక్టీసుకి రావాల్సిందే అన్నాడు. అది స్కోర్లలో కనిపించింది. మొత్తం 12 మ్యాచుల్లో 10 గెలుపు, 2 ఓటమి. వేసింది 270 పాయింట్లు, ఇచ్చింది 45. ప్రావిడెన్స్ మీద 0-6తో ఓడి, మళ్లీ దొరికినప్పుడు 34-0తో కొట్టారు. ఫ్రాంక్‌ఫర్డ్ మీద 0-20తో ఓడి, రెండు వారాలకి 49-0! చార్లీ బెర్రీ ఒక్కడే 74 పాయింట్లు, ఆ ఏడు లీగ్ మొత్తానికి అతనే టాప్. తర్వాత అతను బేస్‌బాల్ అంపైర్‌గా కూడా పేరు తెచ్చుకున్నాడు.

డిసెంబర్ 6న చికాగోలో, మంచులో, అక్కడి కార్డినల్స్ టీముతో మ్యాచ్. అప్పటికి పైన ఉన్నవి ఆ రెండు టీములే. మెరూన్స్ 21-7తో గెలిచారు. మీ పెద్దాయన చెప్పిన మంచు అదే.

బాయి పోరడు (గోదావరిఖని):
మా నాయిన బొగ్గు బాయిల చేసి రిటైరైండు, బొగ్గు ఊరి ముచ్చటంటే నేనూ వస్త. ఆ టీముల టోనీ లాటోన్ అని ఒకడున్నడు, చిన్నప్పటి నుంచే బొగ్గు గనిల పని చేసినోడు. టబ్బులు నూకి నూకి వాని కాళ్లకు అంత బలం వచ్చిందని చెప్పుకుంటరు. మనిషి రూపంల ఉన్న ఫిరంగి అని బిరుదు. నేను నమ్ముత. నిండు టబ్బు పట్టాల మీద ఆగిపోతే కదిలియ్యనీకి భుజంతోటి కాదు, తొడలతోటి నూకాలె అని మా నాయిన చెప్తుండె.

ఇంకోటి ఎవ్వలు చెప్తలేరు. 1925 సెప్టెంబర్ 1 నాడు ఆ ఆంథ్రసైట్ (గట్టి రకం బొగ్గు) గనులల్ల సమ్మె మొదలైంది, 1926 ఫిబ్రవరి దాక నడిచింది. అంటే మెరూన్స్ సీజనంత సమ్మెలనే! సకల జనుల సమ్మెప్పుడు మా దగ్గర నెల మీద బాయిలు బందైతే కిరాణం కాత ఎట్ల పెరిగిందో యాదికుంది. గీళ్లకు అయిదు నెలలు. అసొంటప్పుడు ఆదివారం ఒక గెలుపంటే ఏందో పట్నపోళ్లకు చెప్తె ఎక్కదు.

రూల్ బుక్:
అందరూ ఏడిపించేస్తున్నారు గానీ అసలు విషయం ఎవరూ రాయలేదు. మెరూన్స్ సస్పెండ్ అయిన టీము. డిసెంబర్ 12న ఫిలడెల్ఫియాలోని షైబ్ పార్క్‌లో నోటర్ డామ్ యూనివర్సిటీ పాత ఆటగాళ్లతో ఎగ్జిబిషన్ మ్యాచ్ ఆడారు. అది లీగ్ లెక్కలో ఫ్రాంక్‌ఫర్డ్ టీము ఏరియా. పైగా అదే రోజు ఫ్రాంక్‌ఫర్డ్‌కి సొంత ఊళ్లో మ్యాచ్ ఉంది. వాళ్లు ఫిర్యాదు చేస్తే లీగ్ ప్రెసిడెంట్ జో కార్ ఆడొద్దని ముందే హెచ్చరించాడు. వినలేదు. 500 డాలర్ల ఫైను, సస్పెన్షన్, ప్రావిడెన్స్‌తో ఉన్న చివరి మ్యాచ్ రద్దు. ఇందులో కుట్ర ఎక్కడుంది?

ఈగల్స్ టోపీ:
మరి ఆ ఫోన్ కాల్?

క్యాంటన్ కాపురం:
అదే పీటముడి. లీగ్ ఆఫీసుకి ఫోన్ చేస్తే సరే అన్నారని పాట్స్‌విల్ వాళ్ల వాదన. కాగితం లేదు. నోటిమాట.

ఆ మ్యాచ్ సంగతి కూడా చెప్పాలి. అవతల ఆడింది 1924 నోటర్ డామ్ జట్టు వాళ్లు, ఫోర్ హార్స్‌మెన్ అని దేశమంతా తెలిసిన నలుగురితో సహా. అప్పట్లో జనానికి కాలేజీ ఫుట్‌బాలే ఫుట్‌బాల్, డబ్బుకి ఆడేవాళ్లంటే చిన్నచూపు. మెరూన్స్ 6-7తో వెనకబడ్డారు, బెర్రీ అదనపు పాయింట్ కిక్ పోగొట్టాడు కాబట్టే ఆ ఒక్క పాయింట్ తేడా. అదే బెర్రీ చివర్లో ఫీల్డ్ గోల్ (మూడు పాయింట్ల కిక్) కొట్టి 9-7 చేశాడు. ప్రొఫెషనల్ ఆటకి అంత పరువు తెచ్చిన రోజే వాళ్లకి శిక్ష పడింది.

లెక్కల మాస్టారు (విజయవాడ):
నేను క్రికెట్ మనిషిని. ఒక డౌటు. ఫైనల్ పెట్టుకుంటే గొడవ తీరిపోయేది కదా?

రూల్ బుక్:
ఫైనల్ లేదు మాస్టారూ. షెడ్యూలు కూడా ఎవరిది వాళ్లే కుదుర్చుకునేవాళ్లు. గెలుపు శాతం ఎవరిది ఎక్కువైతే వాళ్లే ఛాంపియన్, టైలు లెక్కలోకి రావు. ఏటా ఫైనల్ ఆడటం 1933 నుంచి.

లెక్కల మాస్టారు:
అయితే వేసి చూద్దాం. పాట్స్‌విల్ 10 గెలుపు, 2 ఓటమి: 0.833. చికాగో కార్డినల్స్ డిసెంబర్ 6 ఓటమి తర్వాత 9 గెలుపు, 2 ఓటమి, 1 టై: 0.818. వెనకే ఉన్నారు. రికార్డులో ఛాంపియన్లు మాత్రం వాళ్లే, మరి చివరికి 11-2-1 ఎలా అయింది? ఆ రెండు గెలుపులు ఎక్కడివి?

క్యాంటన్ కాపురం:
హహ, సరిగ్గా పట్టారు. అప్పటికప్పుడు కుదుర్చుకున్నవి. డిసెంబర్ 10న మిల్వాకీ మీద 59-0, 12న హామండ్ మీద 13-0. రెండోది షైబ్ పార్క్ మ్యాచ్ రోజే. ఆ రెండు టీములూ సీజన్ ముగించేసుకున్నవే. పైగా మిల్వాకీకి ఆటగాళ్లు దొరక్క నలుగురు హైస్కూల్ పిల్లల్ని దించారు. కుదిర్చింది ఆర్ట్ ఫోల్జ్ అనే కార్డినల్స్ ఆటగాడే. అతనికి జీవితకాల నిషేధం (తర్వాత ఎత్తేశారు), మిల్వాకీ ఓనరుని టీము అమ్ముకోమన్నారు, కార్డినల్స్ ఓనరు క్రిస్ ఓబ్రయన్‌కి 1,000 డాలర్ల ఫైను. ఆ 59-0 మాత్రం లెక్కలోనే ఉండిపోయింది.

అసలు ఓబ్రయన్ ఆ మ్యాచులు పెట్టింది టైటిల్ కోసం కూడా కాదంటారు. కాలేజీ ఫుట్‌బాల్ స్టార్ రెడ్ గ్రేంజ్ అప్పుడే చికాగోలోని ఇంకో టీము బేర్స్‌లో చేరాడు, థ్యాంక్స్‌గివింగ్ రోజు అతని మొదటి మ్యాచ్ కార్డినల్స్‌తోనే, 0-0. పైనుంటే బేర్స్‌తో ఇంకో మ్యాచ్ దొరుకుతుంది, గేటు నిండుతుందని ఆశ. టైటిల్ ఇస్తామంటే ఓబ్రయన్ వద్దన్నాడు. నాకు ఈ కథలో ఇష్టమైన మనిషి అతనే.

రూల్ బుక్:
మిల్వాకీ మ్యాచ్ లెక్కలో ఉండకూడదు, అది ఒప్పుకుంటా. కానీ అది తీసేసినా 10-2-1, అంటే పాట్స్‌విల్‌తో సమానం, ఎక్కువ కాదు. సస్పెన్షన్ సస్పెన్షనే.

బాయి పోరడు:
గంత పెద్ద తప్పైతే 1926ల మళ్ల ఎందుకు చేర్చుకున్నరన్నా? గ్రేంజ్ మేనేజర్ వేరే లీగు పెట్టిండు, గీళ్లు అండ్ల పోతరని భయంతోటి కాదా?

రూల్ బుక్:
అది వ్యాపారం తమ్ముడూ. కాదనను.

కోనసీమ కుర్రోడు:
మాకూ జరిగిందండి ఇలాంటిది. సంక్రాంతి కబడ్డీ, ఫైనల్ కొట్టాం. మా రైడరు ముందు వారం పక్కూరి తరఫున ఆడాడని కమిటీవోళ్లు కప్పు బీరువాలో పెట్టి తాళమేశారు. ఆడొచ్చా అని మేం ముందే అడిగాం, ఆడుకోండ్రా అన్నారు. కాగితమ్మీద రాయించుకోలేదు, అదే మా తప్పు. పన్నెండేళ్లైంది. ఇప్పటికీ ఆ కమిటీ మెంబరు ఎదురైతే మావోడు సైకిలు పక్క సందులోకి తిప్పేత్తాడు.

ఎడారి తెలుగు (ఫీనిక్స్):
కార్డినల్స్ ఇప్పుడు మా ఊరి టీమే. 1925 టైటిల్ మాదేనని రికార్డులో ఉంది, మరి గర్వపడ్డవాడు నాకు ఒక్కడూ కనపడలేదు. దాని తర్వాత గెలిచింది 1947లో ఒక్కసారే. ఓబ్రయన్ వద్దన్నదాన్ని 1930ల్లో టీము కొన్న బిడ్‌విల్ కుటుంబం మాదేనంది, అందుకే పాట్స్‌విల్ శాపం తగిలిందని ఇక్కడ జోకు. 1963లో లీగ్ కమిటీ 12-2తో, 2003లో ఓనర్లు 30-2తో పాట్స్‌విల్ మాట కాదన్నారు. రెండోసారి వాళ్ల వైపు నిలబడింది ఈగల్స్, స్టీలర్స్. పెన్సిల్వేనియా వాళ్లే.

ఈగల్స్ టోపీ:
ఓహో, అందుకా ఆయన నా టోపీ చూసి పలకరించింది!

క్యాంటన్ కాపురం:
టీము 1929లో బోస్టన్ వెళ్లి ఆ ఏడే మూతపడింది. కానీ బతికున్న ఆటగాళ్లు 1960ల్లో తమ ట్రోఫీ తామే చేయించుకున్నారు. ఆంథ్రసైట్ బొగ్గుతో చెక్కిన ఫుట్‌బాల్, మీద 1925 ఛాంపియన్లమని రాసుకున్నారు. అది మా క్యాంటన్‌లోని ఫుట్‌బాల్ మ్యూజియం, హాల్ ఆఫ్ ఫేమ్‌కే ఇచ్చారు. మా పిల్లాడు అద్దానికి ముక్కు ఆనించి, నాన్నా ఇది బొగ్గా, మరి గాజులా మెరుస్తోందేంటి అన్నాడు.

బాయి పోరడు:
ఆంథ్రసైట్ గట్లనే ఉంటదన్నా, గట్టిది, చేతికంటది. మా బొగ్గైతే ముట్టుకుంటె చాలు చేతులు నల్లగైతయ్. ఒక ఫొటో పెట్టరాదు, మా నాయినకు చూపిస్త.

క్యాంటన్ కాపురం:
సారీ తమ్ముడూ, చిన్న పొరపాటు పడినట్టుంది, చేతికి "అంటది" అన్నావు, "అంటదు" అనేగా? ఫొటో ఆదివారం తీసి పెడతా.

బాయి పోరడు:
అంటదు, అంటదు. ఫోన్ల టైపు చేస్తే గట్లనే అయితది.