జీతం పెంచరట, "లైన్ ప్రొడ్యూసర్" అని పేరు వేస్తారట. ఒప్పుకోవచ్చా?

ప్రశ్న: ప్రొడక్షన్ అసిస్టెంట్‌గా చేరి ఇప్పుడు ప్రొడక్షన్ మేనేజర్‌గా చేస్తున్నాను. తర్వాతి సినిమాకి జీతం పెంచమని అడిగితే, "జీతం అంతే, టైటిల్స్‌లో మాత్రం లైన్ ప్రొడ్యూసర్ అని వేస్తాం" అంటున్నారు. ఎప్పటికైనా నిర్మాత కావాలని ఉంది. ఇది మెట్టు ఎక్కడమేనా, లేక పేరుతో సరిపెట్టడమా?

జవాబు: ముందు ఒక్కటి కనుక్కోండి. బడ్జెట్ ఎవరు వేస్తున్నారు? ఇంకొకరు వేసిన బడ్జెట్‌కి లోబడి రోజువారీ పనులు, ఖర్చులు నడిపిస్తే అది మేనేజర్ పనే. స్క్రిప్ట్ చదివి ఎన్ని రోజులు, ఎంత డబ్బు అని తేల్చి, ఆఖరి బిల్లు దాకా జవాబు చెప్పుకునేవారు లైన్ ప్రొడ్యూసర్. చిన్న సినిమాల్లో రెండూ ఒకరి నెత్తినే పడతాయనుకోండి.

బడ్జెట్ మీ చేతికిస్తే, జీతం పెరగకపోయినా నేనైతే ఒప్పుకుంటాను. అసలు విద్య అక్కడే ఉంది. స్క్రిప్ట్ బ్రేక్‌డౌన్‌లో, అంటే ఏ సీన్‌కి ఏమేం కావాలో విడదీసి రాసుకునేటప్పుడు, ఒక్కో పేజీని ఎనిమిది భాగాలు చేసి సీన్ల నిడివి లెక్కేస్తారు. పేజీకి తెర మీద సుమారు నిమిషం అన్నది వాడుకలో ఉన్న అంచనా. కానీ "రెండు సైన్యాలు తలపడ్డాయి" అన్న ముక్క పేజీలో ఎనిమిదో వంతే ఉంటుంది, తీయడానికి రోజులు పడుతుంది. నటులు, జూనియర్ ఆర్టిస్టులు, వాహనాలు, దుస్తులు, ఫైట్లు, గ్రాఫిక్స్ అన్నీ సీన్లవారీగా రాసుకున్నాకే షెడ్యూల్ కుదురుతుంది. అందులోనూ కథ వరస పనికిరాదు. లొకేషన్లు, నటుల డేట్లే వరస. రాత్రి షూటింగ్ అయ్యాక మర్నాడు పొద్దున్నే కాల్ టైమ్ (సెట్‌కి రావాల్సిన వేళ) ఇస్తే యూనిట్ కూలబడుతుంది. ఒకే రోజు రెండు లొకేషన్లు పెడితే సగం పూట సామాను ఎక్కించి దించడానికే సరి. ఇవన్నీ చూసుకున్నాక కూడా అనుకోని ఖర్చులకి 10 శాతం పక్కన పెట్టడం రివాజు. దర్శకుడు అడిగాడని మొదటి వారంలోనే అందులో చెయ్యి పెట్టనివ్వకండి.

మరో జవాబు: పై మాటలతో ఏకీభవిస్తాను కానీ, పేరుని మరీ తీసిపారేయక్కర్లేదు. హోదాల గొడవ ప్రపంచమంతా ఉన్నదే. అమెరికాలో యూనిట్ ప్రొడక్షన్ మేనేజర్లు సభ్యులుగా ఉండేది నిర్మాతల సంఘంలో కాదు, దర్శకుల సంఘంలో. ఉత్తమ చిత్రం ఆస్కార్ కూడా మొదట్లో నిర్మాణ సంస్థకే ఇచ్చేవారు. 1951 నాటి చిత్రాల నుంచే నిర్మాతల పేరు మీద ఇస్తున్నారు. డబ్బు తెచ్చినవాళ్ళకీ పరిచయాలున్నవాళ్ళకీ నిర్మాత హోదా పంచిపెట్టడం ఎక్కువైపోవడంతో, నిజంగా పని చేసినవారి పేరు పక్కన అక్కడి నిర్మాతల సంఘం ఒక గుర్తు వేయించడం మొదలుపెట్టింది.

నోటిమాట నమ్మకండి. ఏ హోదా, టైటిల్స్‌లో ఏ చోట, విడిగానా నలుగురితో కలిపా, అన్నీ ఒప్పందంలో రాయించుకోండి. పోస్టర్ సంగతి కూడా.

ప్రశ్న అడిగినవారు: థాంక్సండీ. కనుక్కున్నాను. బడ్జెట్ ఇప్పటికే వాళ్ళు వేసేశారట, నేను నడిపిస్తే చాలట. మరిప్పుడు?

మొదటి జవాబు ఇచ్చినవారు: అయితే అది పాత ఉద్యోగమేనండీ, పేరు కొత్తది. జీతం దగ్గర పట్టు విడవకండి. చేయాలనే ఉంటే సంతకం పెట్టేముందు ఆ బడ్జెట్ తీసుకుని మీ సొంత బ్రేక్‌డౌన్‌తో పోల్చి చూడండి. ఎక్కడ తక్కువ వేశారో మెయిల్‌లో రాసి పంపండి, ఎందుకంటే ఖర్చు దాటితే ముందు అడిగేది లైన్ ప్రొడ్యూసర్‌నే. వారం వారం కాస్ట్ రిపోర్ట్ మీకు రావాలని కూడా అడగండి. పెట్టిన ఖర్చు ఒక్కటే ఉంటే చాలదు, పూర్తవడానికి ఇంకెంత కావాలన్న కాలమ్ కూడా ఉండాలి.