లండన్ వెల్ష్ మేల్ వాయిస్ క్వయర్‌లో మనవాళ్లెవరైనా పాడారా?

తెనాలి_కుర్రాడు:
ఆఫీసు నుంచి వచ్చేటప్పుడు గ్రేస్ ఇన్ రోడ్‌లో లండన్ వెల్ష్ సెంటర్ ముందు నుంచే నడుస్తాను. మొన్న లోపల్నుంచి మగవాళ్ల పాట వినిపించి పావుగంట అక్కడే నిలబడిపోయా. ఈ క్వయర్ (బృందగానం చేసేవాళ్ల జట్టు) రిహార్సలట. చేరాలని ఉంది. వేల్స్ వాళ్ల భాష వెల్ష్ రాదు, గీతల మీద స్వరాలు రాసే స్టాఫ్ నోటేషన్ రాదు. చిన్నప్పుడు నేర్చుకున్న కర్ణాటక సంగీతం వర్ణాలతో ఆగిపోయింది. వెళ్తే నవ్వుతారా?

మంద్రస్థాయి:
నవ్వరండీ. నేను పాడింది లండన్‌లో కాదు, కార్డిఫ్ దగ్గర ఒక చిన్న క్వయర్‌లో, మూడేళ్లు. పై గొంతు నుంచి కింది గొంతు దాకా ఫస్ట్ టెనర్, సెకండ్ టెనర్, బారిటోన్, బేస్ అని నాలుగు వరసలు. నన్ను బేస్‌లో పడేశారు. మీకు అడ్డొచ్చేది వెల్ష్ కాదు, గమకం. మొదటి రోజే ఒక దీర్ఘస్వరాన్ని అలవాటుగా ఊపాను. కండక్టర్ పాట ఆపేసి, బేస్ వరసలో ఎవరిదో గొంతు వణుకుతోంది, ఒంట్లో బాలేదా అన్నాడు! స్వరాన్ని గీత గీసినట్టు నిలబెట్టడానికి నాకు ఆరు నెలలు పట్టింది. పక్కవాడి గొంతులో మన గొంతు కలిసిపోవాలి. కచేరీలో ఒంటరిగా పాడటం నేర్చుకున్నవాళ్లకి అది చాలా కష్టం.

గుంటూరు_బారిటోన్:
నోటేషన్ గురించి టెన్షన్ వద్దు. వెల్ష్ చాపెళ్లలో (చిన్న చర్చిల్లో) తరతరాలుగా పాడింది టానిక్ సోల్ఫా అనే స్వరలిపితోనే. 19వ శతాబ్దంలో జాన్ కర్వెన్ దాన్ని ప్రచారంలోకి తెచ్చాడు. గీతలుండవు, డో రే మీకి అక్షరాలే. శ్రుతి ఎక్కడ పెడితే అక్కడే డో, మన ఆధార షడ్జం లాగే. మిజోరాంకి వెల్ష్ మిషనరీలు తీసుకెళ్లింది కూడా ఇదే. మా ఐజ్వాల్ స్నేహితుడు పేజీ చూసి గడగడా పాడేస్తాడు, నాకు కుళ్లు.

ఈస్ట్‌హామ్_అత్తయ్య:
మా ఆయన వేరే క్వయర్‌లో పాడతారు. కచేరీ అయ్యాక అందరూ పబ్‌కి వెళ్లి మళ్లీ పాడతారు, ఆఫ్టర్‌గ్లో అంటారు దాన్ని. టికెట్ కొని విన్నదానికన్నా నాకు అదే నచ్చింది. ‘మవాన్వి’ అందుకుంటే గ్లాసులు కూడా కదలవు. 1875 నాటి ఆ పాటకి స్వరం కట్టిన జోసెఫ్ ప్యారీ చిన్నతనంలో గనిలో, ఇనుము ఫ్యాక్టరీలో పనిచేశాడట. ఇంటికి ఎన్నింటికి వస్తారన్నది మాత్రం అడగొద్దు.

మంద్రస్థాయి:
హహ, నిజమే అత్తయ్యగారూ.
తమ్ముడూ, పాటలు తెలుగు లిపిలో రాసుకో. ఇంగ్లిష్ అలవాటుతో చదివితే తప్పులొస్తాయి. ఒంటరి ఎఫ్ అంటే వ, డబ్ల్యూ చాలాచోట్ల ఉ. వేల్స్ జాతీయ గీతం ‘హెన్ వ్లాడ్ వ న్హడై’తో మొదలుపెట్టు, 1856లో పాంటిప్రిద్‌లో తండ్రీకొడుకులు కలిసి చేసింది. రెండు ఎల్‌లకి మాత్రం మన దగ్గర అక్షరం లేదు. ‘ల’ అనబోయి నాలుక అక్కడే ఉంచి పక్కల నుంచి గాలి ఊదాలి. నేను ల పక్కన పిల్లి మీసం గీసుకునేవాణ్ని.

కృష్ణలంక_రవి:
నాకు మాత్రం చేదు అనుభవం. ఇంకో ఊళ్లో ఒక క్వయర్‌కి మూడు మెయిళ్లు పెట్టినా ఉలుకూ పలుకూ లేదు. చివరికి నేరుగా వెళ్తే టీ ఇచ్చి కూర్చోబెట్టారు! మెయిల్ చూసే ఆయన హాస్పిటల్లో ఉన్నాడట. కాబట్టి మనిషి వెళ్లడమే మంచిది.

తెనాలి_కుర్రాడు:
అందరికీ థాంక్స్. వచ్చే వారం వెళ్తున్నా. అద్దం ముందు ఒక్క స్వరం ఊపకుండా పట్టుకోవడం మొదలుపెట్టా. పన్నెండు సెకన్లు. రూమ్మేట్ ఫ్రిజ్ పాడైందనుకున్నాడు.