డీపీఎఫ్ లైటు ఆరడం లేదు: మార్చాలా, కడిగించాలా, తీసేయించాలా?

హూడి వాసి:
అందరికీ నమస్కారం. పోయిన దసరాకి సెకండ్ హ్యాండ్‌లో ఒక డీజిల్ బండి కొన్నాను. 2021 మోడల్, బీఎస్‌6 (పొగ కాలుష్యానికి ప్రభుత్వం పెట్టిన ప్రమాణం), ఇప్పటికి 58 వేల కిలోమీటర్లు తిరిగింది. ఇల్లు హూడిలో, ఆఫీసు ఐటీపీఎల్ టెక్ పార్క్ దగ్గర. దూరం ఐదు కిలోమీటర్లే కానీ మన బెంగళూరు ట్రాఫిక్ సంగతి తెలిసిందే, ఒక్కోసారి నలభై నిమిషాలు పడుతుంది. వారం నుంచి మీటర్ బోర్డులో పసుపు లైటు వెలుగుతోంది. సైలెన్సర్ లాంటి బొమ్మ, లోపల చుక్కలు. మాన్యువల్ తిరగేస్తే డీపీఎఫ్, అంటే డీజిల్ పొగలోని మసిని పట్టే ఫిల్టర్ అని ఉంది. బండి లాగడం మామూలుగానే ఉంది, మైలేజీ మాత్రం తగ్గింది.

సర్వీస్ సెంటర్‌లో చూపిస్తే, "ఫిల్టర్ నిండిపోయింది సార్, మార్చాలి" అని లక్ష దాటిన ఎస్టిమేట్ చేతిలో పెట్టారు. స్కానర్‌లో ఏం కనిపించిందని అడిగితే జవాబు లేదు. అక్కడి నుంచి ఒక రోడ్డు పక్క గ్యారేజీకి వెళ్తే అతను నవ్వి, "లోపల ఉండేది రాయి సార్, పగలగొట్టి తీసేద్దాం, పదిహేను వేలు, మళ్ళీ జన్మలో లైటు రాదు" అన్నాడు. ఇంకొకతను ప్రెషర్ వాటర్‌తో కడుగుతానన్నాడు. అనంతపురం నుంచి నాన్న ఫోన్ చేసి "డీజిల్ వద్దంటే విన్నావా" అంటున్నారు. నిజంగా టెన్షన్‌గా ఉంది. తెలిసినవాళ్ళు దారి చూపించండి.

హోసూరు రోడ్డు మెకానిక్:
తమ్ముడూ, ముందు ఎవరికీ పైసా ఇవ్వకు. రెండు సంగతులు చెప్పు. లైటు నిలకడగా ఉందా, మిణుకుమిణుకుమంటోందా? పక్కన ఇంజిన్ లైటు కూడా వచ్చిందా? ఇంకొకటి, సైలెన్సర్ గొట్టం చల్లారాక లోపల తెల్లగుడ్డ పెట్టి తుడిచి చూడు.

హూడి వాసి:
నిలకడగానే ఉందన్నా. ఇంజిన్ లైటు రాలేదు. ఇప్పుడే తుడిచి చూశాను, గుడ్డకి కొంచెం దుమ్ము తప్ప నలుపు అంటలేదు. అదేం పరీక్ష?

హోసూరు రోడ్డు మెకానిక్:
అంటే నీ ఫిల్టర్ పగల్లేదు. పగిలి ఉంటే పాత లారీ గొట్టంలా గుడ్డ నల్లగా అయ్యేది. మనం కొన్న బండిలో ముందు ఓనరు రాయి తీయించేశాడేమో అన్న అనుమానం కూడా దీంతో చాలావరకు పోతుంది. సెకండ్ హ్యాండ్ డీజిల్ కొనేవాళ్ళందరికీ నేను చెప్పే మొదటి పరీక్ష ఇదే.

ఇక అసలు సంగతి. ఆ ఫిల్టర్‌లో చేరేవి రెండు: మసి, బూడిద. అందరూ ఈ రెంటినీ కలిపి "నిండిపోయింది" అనేస్తారు, అక్కడే నీ లక్ష పోతుంది. ఊళ్ళో కట్టెల పొయ్యి చూసే ఉంటావు. పొయ్యి గోడకి పట్టిన మసి మంట బాగా తగిలితే కాలిపోతుంది. అడుగున మిగిలిన బూడిదని ఎంత మంట పెట్టినా కాల్చలేవు, ఎత్తిపోయాల్సిందే. డీపీఎఫ్ కూడా అంతే. మసి డీజిల్ నుంచి వస్తుంది, దాన్ని బండే కాల్చుకుంటుంది. బూడిద ఇంజిన్ ఆయిల్‌లో కలిపే కాల్షియం, జింక్ లాంటి వాటి నుంచి వస్తుంది, అది ఏళ్ళ తరబడి కొద్దికొద్దిగా పేరుకుంటుంది. సరైన ఆయిల్ వాడితే బూడిదతో నిండడానికి చాలా కాలం పడుతుంది. నా దగ్గరికి వచ్చిన బండ్లలో లక్ష కిలోమీటర్లు దాటకుండా బూడిద సమస్య చూసింది తక్కువ. నీది 58 వేలు. నీకున్నది మసి.

మసి కాలాలంటే దాదాపు 600 డిగ్రీల వేడి కావాలి. హైవే మీద పొగ బాగా వేడెక్కినప్పుడు అంతకన్నా తక్కువ వేడికే, పొగలోని నైట్రోజన్ డయాక్సైడ్ సాయంతో మసి మెల్లగా తరుగుతూ ఉంటుంది. నీ ఐదు కిలోమీటర్ల ప్రయాణంలో ఆ వేడి పుట్టదు. అప్పుడు బండి సొంతంగా పూనుకుంటుంది: సిలిండర్‌లో పని అయిపోయాక ఇంకొంచెం డీజిల్ చల్లుతుంది, అది ఫిల్టర్‌కి ముందున్న క్యాటలిస్ట్‌లో (పొగని శుద్ధి చేసే భాగం) కాలి వేడి పెంచుతుంది. దీనికి పది, ఇరవై నిమిషాలు పడుతుంది. సరిగ్గా ఆ మధ్యలో నువ్వు ఆఫీసు బేస్‌మెంట్‌లో తాళం తిప్పేస్తావు. సగం ఉడికిన అన్నం కింద పొయ్యి ఆర్పినట్టు. రోజూ ఇదే జరిగితే లైటు రాక ఏం చేస్తుంది?

కె.ఆర్.పురం నుంచి:
మధ్యలో వచ్చాను, ఏమనుకోకండి. యాడ్‌బ్లూ పోస్తే ఈ లైటు పోతుందని మా ఫ్రెండ్ అన్నాడు. నిజమేనా?

హోసూరు రోడ్డు మెకానిక్:
కాదు. యాడ్‌బ్లూ అంటే 32.5 శాతం యూరియా కలిపిన నీళ్ళు. అది నైట్రోజన్ ఆక్సైడ్లని తగ్గించే వేరే ఏర్పాటుకి, దాని ట్యాంకు కూడా వేరు. మసికీ దానికీ సంబంధం లేదు. పొరపాటున డీజిల్ ట్యాంకులో పోశారో, ఈ లైటు గొడవే నయం అనిపిస్తుంది.

సెరామిక్ అక్క:
నేను ఇరవై ఏళ్ళు బట్టీల దగ్గర పని చేశాను. "రాయి పగలగొట్టి తీసేద్దాం" అన్న మాట చదివి ప్రాణం చివుక్కుమంది. అది రాయి కాదు బాబూ, అందులో ఎంత పనితనం ఉందో చెబుతాను.

కార్డియరైట్ అనే సెరామిక్ ఉంటుంది. మెగ్నీషియం, అల్యూమినియం, సిలికా కలిసినది. మట్టి, టాల్క్, అల్యూమినా పొడులు తడిపి ముద్ద చేసి, జంతికల గొట్టంలో పిండి వత్తినట్టు అచ్చులోంచి వత్తుతారు. తేడా ఏంటంటే ఇక్కడ అచ్చులోంచి వచ్చేది తేనెపట్టు: ఒక చదరపు అంగుళంలో రెండు మూడు వందల సన్నటి గొట్టాలు, మధ్య గోడ మందం మిల్లీమీటర్‌లో మూడో వంతు. ఆరబెట్టి దాదాపు 1,400 డిగ్రీల దగ్గర కాలుస్తారు. ముద్దలో ముందే కలిపిన పిండిపదార్థం, గ్రాఫైట్ లాంటివి కాల్పులో మాయమై ఆ చోట సూక్ష్మ రంధ్రాలు మిగులుతాయి. గోడలో దాదాపు సగం ఖాళీయే. వత్తి తేనెపట్టు చేసే ఈ పద్ధతి 1970ల మొదట్లో అమెరికాలోని కార్నింగ్ కంపెనీలో పుట్టింది. రాడ్నీ బాగ్లీ, ఇర్విన్ లాక్‌మన్, రొనాల్డ్ లూయిస్ అనే ముగ్గురి పని. అప్పటికి అది పెట్రోలు కార్ల క్యాటలిస్ట్ కోసం. డీజిల్ మసి పట్టడానికి వాడింది తర్వాత.

ఇక్కడ ఒక చిన్న తెలివి ఉంది, నాకు ఎప్పుడూ ముచ్చటేస్తుంది. గొట్టాల చివర్లని ఒకటి విడిచి ఒకటి మూసేస్తారు, చదరంగం పలకలో నల్ల గళ్ళలాగా. ఇటు మూసిన గొట్టం అటు తెరిచి ఉంటుంది. లోపలికొచ్చిన పొగకి ఎదురుగా దారి లేదు, పక్క గోడలోంచి దూరి పక్క గొట్టంలోకి వెళ్ళాల్సిందే. కొత్త కుండలో నీళ్ళు పోస్తే గోడలోంచి ఊరి బయట చెమ్మ తేలుతుంది చూడండి, అలా. గాలి దాటుతుంది, మసి గోడ మీద నిలిచిపోతుంది.

గోడ రంధ్రాలు పది నుంచి ఇరవై మైక్రాన్లు ఉంటాయి, మైక్రాన్ అంటే మిల్లీమీటర్‌లో వెయ్యో వంతు. మసి కణమేమో మైక్రాన్‌లో పదో వంతు. మరి దూరిపోవాలి కదా? కణాలు గోడలో వంకరటింకర దారుల్లో తగిలి అతుక్కుంటాయి. పైన పల్చటి మసి పొర ఏర్పడ్డాక ఆ పొరే అసలు జల్లెడ అవుతుంది. కొత్త ఫిల్టర్ కన్నా కొంచెం మసి పట్టిన ఫిల్టరే బాగా వడపోస్తుంది.

కార్డియరైట్ వేడికి వ్యాకోచించడం చాలా తక్కువ, అందుకే తేలిగ్గా చీలదు. కొన్ని బండ్లలో సిలికాన్ కార్బైడ్ వాడతారు. అది ఎక్కువ వేడి ఓరుస్తుంది కానీ వ్యాకోచం ఎక్కువ, కాబట్టి చిన్న దిమ్మెలుగా చేసి సెరామిక్ సిమెంటుతో అతికిస్తారు. ప్రెషర్ వాటర్ సంగతి ఇక మీరే ఆలోచించండి. నీటి జోరుకి పల్చటి గోడలు, చివరి బిరడాలు దెబ్బతినొచ్చు, తడిసిన బూడిద గొట్టాల చివర గడ్డకట్టి కూర్చోవచ్చు.

కడప కుర్రాడు:
ఇంత పురాణం ఎందుకు? మా బావ రెండేళ్ళ క్రితం తీయించేశాడు. మైలేజీ పెరిగింది, పికప్ పెరిగింది, ఎమిషన్ టెస్ట్ కూడా పాసయింది. చేతిలో పదిహేను వేలుంటే పని అయిపోతుంది.

హోసూరు రోడ్డు మెకానిక్:
పాసయ్యిందంటే ఆ టెస్ట్ చూసేది పొగ ఎంత మందంగా ఉందో అని. కంటికి కనపడని సన్న మసి లెక్క అక్కడ తేలదు. రాయి తీస్తే కంప్యూటర్‌ని కూడా మోసం చెయ్యాలి, సాఫ్ట్‌వేర్ మార్చాలి. తర్వాత ఏ సెన్సర్ తప్పు చెప్తోందో ఎవరికీ అర్థం కాదు. అలా తీయించిన బండ్లు నా దగ్గరికి వస్తూనే ఉంటాయి, మళ్ళీ మామూలుగా చెయ్యమంటారు. అప్పుడు ఖర్చు లక్షతో ఆగదు. చట్టం సంగతి వేరే ఉంది. 1988 మోటారు వాహనాల చట్టంలో బండికి చేసే మార్పుల గురించిన 52వ సెక్షన్ చదువు.

సెరామిక్ అక్క:
ఇంకొక మాట. డీజిల్ పొగ క్యాన్సర్ తెస్తుందని ప్రపంచ ఆరోగ్య సంస్థ క్యాన్సర్ విభాగం 2012లోనే తేల్చింది. బీఎస్‌4 డీజిల్ కారుకి కిలోమీటరుకి 25 మిల్లీగ్రాముల కణాలు వదిలే వీలుండేది, 2020 ఏప్రిల్ 1 నుంచి బీఎస్‌6లో 4.5కి తెచ్చారు. డీజిల్‌లో గంధకం కూడా 50 పీపీఎం (పది లక్షల వంతుల్లో 50) నుంచి 10కి దించారు, లేకపోతే ఈ ఫిల్టర్లు, క్యాటలిస్టులు బతకవు. మీ బావగారి వెనక స్కూటర్ మీద వెళ్ళేవాళ్ళలో నేనూ ఒకదాన్ని కావచ్చు.

కడప కుర్రాడు:
సరే అక్కా, వాదన పెట్టను. బావకి చెప్తా, వినడనుకోండి.

ఎయిర్‌పోర్ట్ క్యాబ్ అన్న:
నాది కూడా బీఎస్‌6 డీజిలే, లక్షా పది వేలు దాటింది, ఆ లైటు మొహమే చూడలేదు. రోజూ ఎయిర్‌పోర్ట్ ట్రిప్పులే కదా. మీరు ఆదివారం పొద్దున ఆరింటికి బయలుదేరండి. హెబ్బాళ ఫ్లైఓవర్ దాటాక దేవనహళ్ళి, అక్కడి నుంచి చిక్కబళ్ళాపురం. ఒక గేరు తక్కువలో పెట్టి ఇంజిన్ నిమిషానికి 2,000 నుంచి 2,500 చుట్ల మధ్య తిరిగేలా చూసుకోండి, స్పీడు 70, 80 చాలు. ట్యాంకులో డీజిల్ పావు వంతు కన్నా ఎక్కువ ఉండాలి, తక్కువైతే కొన్ని బండ్లు కాల్చడం మొదలే పెట్టవు. మధ్యలో టీకి ఆపకండి, అదే కష్టం! ఆగినప్పుడు ఇంజిన్ తిరిగే వేగం (ఐడిల్) కొంచెం ఎక్కువగా ఉన్నా, ఫ్యాన్ గట్టిగా తిరుగుతున్నా, కాలిన వాసన వచ్చినా లోపల పని జరుగుతోందని అర్థం. అప్పుడు ఎండుగడ్డి మీద మాత్రం బండి ఆపకండి, కింద గొట్టం నిప్పులా ఉంటుంది.

హోసూరు రోడ్డు మెకానిక్:
అన్న చెప్పింది కరెక్ట్. ఒక్క షరతు: లైటు మిణుకుతున్నా, ఇంజిన్ లైటు తోడైనా, బండి లాగడం తగ్గినా ఈ ప్రయోగం చెయ్యొద్దు. మసి మరీ ఎక్కువ పేరుకున్నాక ఒక్కసారిగా అంటుకుంటే, అదే సమయంలో బండి ఐడిల్‌లోకి వస్తే, వేడిని బయటికి మోసుకెళ్ళే గాలి ఉండదు. లోపల సెరామిక్ కరిగిపోతుంది. అప్పుడు నిజంగానే మార్చాలి. అలాంటి బండికి ముందు స్కానర్‌లో మసి ఎన్ని గ్రాములుందో, ఫిల్టర్‌కి ముందూ వెనకా ప్రెషర్ తేడా ఎంతో చూడాలి. మసి తక్కువ చూపిస్తూ ప్రెషర్ తేడా ఎక్కువ ఉంటే బూడిదని అనుమానించాలి. దానికి ఫిల్టర్ విప్పి, ఓవెన్‌లో నిదానంగా కాల్చి, గాలితో వెనక నుంచి ఊదే చోటికి పంపాలి. విప్పే ముందు, శుభ్రం చేశాక రెండు బరువులూ రాసి ఇమ్మని అడుగు. ఇవ్వనన్నవాడి దగ్గర పని చేయించకు.

హూడి వాసి (ఆదివారం):
చిక్కబళ్ళాపురం దాకా వెళ్ళొచ్చాను. వెళ్ళేటప్పుడు దేవనహళ్ళి దాటిన కాసేపటికి లైటు ఆరిపోయింది! ఐడిల్ 800 ఉండేది టోల్ దగ్గర వెయ్యి దాకా ఉంది, క్యాబ్ అన్న చెప్పినట్టే. లక్ష రూపాయలు మిగిలాయని మా ఆవిడ తిరుగు ప్రయాణంలో ఇడ్లీ తినిపించింది.

హోసూరు రోడ్డు మెకానిక్:
సంతోషం. ఇడ్లీ అరిగాక ఆయిల్ డిప్‌స్టిక్ తీసి చూడు.

హూడి వాసి:
అన్నా, భయపెట్టారు. లెవెల్ గరిష్ఠ గీత కన్నా పైన ఉంది. నేను ఆయిల్ పొయ్యలేదే?

హోసూరు రోడ్డు మెకానిక్:
పోసింది బండే. సగంలో ఆగిన ప్రతిసారీ చల్లిన డీజిల్‌లో కొంత పిస్టన్ పక్కల నుంచి కిందికి జారి ఆయిల్‌లో కలిసింది. ఆయిల్ పల్చబడితే బేరింగులు, టర్బో దెబ్బతింటాయి. లైటు ఆరిందని ఈ పని వదిలెయ్యకు, అసలు ఇదే ముఖ్యం. ఈ వారమే ఆయిల్, ఆయిల్ ఫిల్టర్ మార్పించు. డబ్బా మీద నీ మాన్యువల్‌లో చెప్పిన గ్రేడ్ ఉండాలి. చాలా బండ్లకి ఏసీఈఏ (యూరప్ కార్ల కంపెనీల సంఘం) గ్రేడ్‌లలో సీ2 గానీ సీ3 గానీ అంటారు, అంటే బూడిద తక్కువ చేసే ఆయిల్. చవగ్గా దొరికిందని లారీ ఆయిల్ పోయించుకోకు. అలాగే టర్బో నుంచి వచ్చే రబ్బరు గొట్టాలు చూడమను. చీలిక ఉంటే గాలి చాలక మసి ఎక్కువ పుడుతుంది.

హూడి వాసి (మరో పది రోజులకి):
ఆలస్యానికి సారీ. వేరే గ్యారేజీలో ఆయిల్ మార్పించాను. టర్బో గాలి వెళ్ళే ఇంటర్‌కూలర్ గొట్టం క్లిప్పు దగ్గర సన్నటి చీలిక దొరికింది, అదీ మార్చారు. మొత్తం ఖర్చు పదివేల లోపే. మళ్ళీ లైటు రాలేదు. ఆఫీసుకి మెట్రోలో వెళ్తున్నాను, హూడి స్టేషన్ నుంచి పట్టందూరు అగ్రహారం. ఇన్నాళ్ళూ ట్రాఫిక్‌లో ఎందుకు కూర్చున్నానో నాకే తెలియదు. బండి పదిహేను రోజులకోసారి అనంతపురం వెళ్తుంది. నాన్న ఇప్పుడు డీజిల్ గురించి ఏమీ అనడం లేదు, వచ్చేటప్పుడు వేరుశనగలు బస్తా ఎక్కించి పంపుతున్నారు.

హోసూరు రోడ్డు మెకానిక్:
బాగుంది. ఆయిల్ డబ్బా ఫొటో పెట్టు, గ్రేడ్ చూస్తాను.

హూడి వాసి:
సీ3 అని ఉందన్నా. సాయంత్రం ఫొటో పెడతాను.