థాంక్స్‌గివింగ్ స్టఫింగ్‌లో పోపు పెట్టొచ్చా, పెట్టకూడదా?

టెక్సాస్ గోంగూర

ఈ 27న పక్కింటివాళ్లు థాంక్స్‌గివింగ్ భోజనానికి పిలిచారు. అమెరికన్ కుటుంబం, పన్నెండు మంది దాకా వస్తారట. మేం శాకాహారులమని తెలుసు కాబట్టి "స్టఫింగ్ నువ్వే చేసుకురా, నీకూ బెంగ ఉండదు" అంది ఆవిడ. బెంగ ఎందుకంటే, నిరుడు వేరేచోటికి వెళ్తే వెజిటేరియన్ అని ఒక ట్రే చూపించారు, మా అత్తయ్య రెండు చెంచాలు తిన్నాక తెలిసింది దాన్ని చికెన్ ఉడికించిన నీళ్లతో, అంటే చికెన్ బ్రాత్‌తో తడిపారని. ముక్క లేకపోతే వెజిటేరియనే అని వాళ్ల లెక్క. పైగా నిరుడు థాంక్స్‌గివింగ్ నవంబర్ 28, అంటే కార్తీకమాసం ఇంకా వెళ్లలేదు. అత్తయ్య ఎవర్నీ ఏమీ అనలేదు, ఇంటికొచ్చి తలకి పోసుకుని పడుకున్నారు. ఆవిడ నాలుగు మాటలు తిట్టినా బాగుండేది అనిపించింది.

ఇండియాలో ఉన్నవాళ్ల కోసం: స్టఫింగ్ అంటే ఎండబెట్టిన బ్రెడ్ ముక్కల్లో వెన్నలో మగ్గించిన ఉల్లిపాయ, సెలెరీ, సేజ్ ఆకు వేసి బ్రాత్ పోసి కలిపి, టర్కీ కోడి పొట్టలో కూరి కాల్చేది. మనలాంటి వాళ్లకి విడిగా ట్రేలో కాలుస్తారు.

ఇప్పుడు గొడవేంటంటే, మా ఆయన "ఇంగువ పోపు పెట్టు, కరివేపాకు వెయ్యి, అదిరిపోతుంది" అంటున్నారు. ఐదో క్లాసు చదివే నా కూతురు "అమ్మా ప్లీజ్, ఆవాలు మాత్రం వద్దు" అని దాదాపు ఏడ్చినంత పని చేసింది. అత్తయ్య గుడ్డు తినరు, పుట్టగొడుగులూ తినరు. ఏం చెయ్యమంటారు?

పప్పుచారు

ఇంత టెన్షన్ ఎందుకండీ? మీరు చెప్పినదంతా విన్నాక అది బ్రెడ్ ఉప్మా అని అర్థమైంది. ఉప్మాకి పోపు పెట్టాలా వద్దా అని చర్చ పెట్టిన మొదటి తెలుగువాళ్లు మీరే అయ్యుంటారు. పెట్టండి. రెండు పచ్చిమిరపకాయలు, కాస్త జీడిపప్పు. తిన్నవాళ్లు మళ్లీ అడక్కపోతే నన్ను అడగండి.

అట్లకాడ

పప్పుచారు గారూ, మీరు ఎప్పుడైనా సరైన స్టఫింగ్ తిన్నారా, నిజం చెప్పండి. బ్రెడ్ ఉప్మాలో ముక్క విడివిడిగా ఉండాలి, నీళ్లు చిలకరిస్తాం, అంతే. ఇందులో ముక్క బ్రాత్‌ని పూర్తిగా పీల్చుకుని లోపల మెత్తగా, పైన కరకరలాడుతూ ఉండాలి. పద్దెనిమిదేళ్లుగా న్యూజెర్సీలో ఏటా చేస్తున్నా, దీనికి ప్రాణం సేజ్, సెలెరీ, వెన్న, ఉల్లిపాయ. టర్కీ కాదు. అందుకే శాకాహారంగా చేసినా లోటు తెలియదు. కూరకారం లేకుండా గుత్తివంకాయ లేనట్టే సేజ్ లేకుండా స్టఫింగ్ లేదు. ఈ దేశంలో వాళ్లకి నవంబర్ ఆఖరంటే ఇంట్లో ఆ సేజ్, వెన్న కలిసిన వాసన, మనకి సంక్రాంతి ముందు అరిసెల పాకం వాసన ఎలాగో అలా. దాని మీద ఇంగువ పడిందంటే ఇదీ అదీ రెండూ చెడతాయి. మనింటికి ఒకావిడ పులిహోర చేసి తెచ్చి అందులో చింతపండుకి బదులు కెచప్ కలిపిందనుకోండి, నవ్వుతూ తింటాం గానీ అది పులిహోరే అని ఒప్పుకుంటామా?

గోంగూర, మీ అమ్మాయి చెప్పిందే వినమ్మా.

పప్పుచారు

కెచప్ పోలిక అన్యాయం. ఇదే దేశంలో సముద్రం పక్కన ఉన్నవాళ్లు స్టఫింగ్‌లో ఆయిస్టర్లు వేస్తారు, మిన్నెసోటాలో వైల్డ్ రైస్‌తో చేస్తారు, ఇటలీ నుంచి వచ్చినవాళ్లు వాళ్ల సాసేజ్ వేసుకుంటారు. వాళ్లని ఎవరూ ఏమీ అనలేదు, వందేళ్లకి అవన్నీ సంప్రదాయం అయిపోయాయి. మన కరివేపాకు దగ్గరికొచ్చేసరికి మాత్రం వాసన గుర్తొచ్చిందా? ఇన్నేళ్లు ఇక్కడ ఉండి, పన్నులు కట్టి, ఒక రెమ్మ కరివేపాకు వెయ్యడానికి కూడా భయపడితే ఎలాగండీ?

అట్లకాడ

భయం కాదు బాబూ. మీరు చెప్పినవాళ్లంతా ఎవరింటి టేబుల్ మీద వాళ్లు చేసుకున్నారు. ఈ అమ్మాయి చేతిలో పెట్టింది మాత్రం పన్నెండు మంది ఏడాదంతా ఎదురుచూసే గిన్నె. మీ ఇంట్లో మీరు పోపేం ఖర్మ, గోంగూరే కలుపుకోండి.

కరీంనగర్ పోరడు

అక్కా, ముందు ఒక మాట. కోడి పొట్టలో కూరకపోతే దాన్ని స్టఫింగ్ అనరు, డ్రెస్సింగ్ అంటరు. నేను అట్లాంటాలో ఉంటా, ఇక్కడ స్టఫింగ్ అంటే ఆఫీసులో సరిచేస్తరు. పెన్సిల్వేనియాలో కొంతమంది ఫిల్లింగ్ అంటరట. ఇక్కడ తెల్ల బ్రెడ్‌తో కాదు, కార్న్‌బ్రెడ్ చిదిమి చేస్తరు. మక్క రొట్టె తిని పెరిగినోళ్లం, నాకైతే అదే నచ్చింది. కాకపోతే కార్న్‌బ్రెడ్ మిక్స్ కొనేటప్పుడు పెట్టె వెనక చదవండి. జిఫ్ఫీ మిక్స్‌లో ఒకప్పుడు పంది కొవ్వు ఉండేది, అందుకే వాళ్లు వెజిటేరియన్ అని వేరే పెట్టె కూడా తీసుకొచ్చారు.

ఆవకాయ జాడీ

అమ్మాయ్, పోపు సంగతి తర్వాత. ఆ ట్రేని వాళ్ల ఓవెన్‌లో వేడి చేస్తారు కదా, పైన అరలో టర్కీ కాలుతూ ఉంటుంది, దాని కొవ్వు చిటపటలాడుతూ కిందికి చిందుతుంది. ఇంత జాగ్రత్తపడి చేసి చివరికి అక్కడ పెడితే మీ అత్తగారు తింటారా? నాకు అరవై రెండేళ్లు, ఎడిసన్‌లో మా అబ్బాయి దగ్గర ఉంటున్నాను. నేనైతే తినను. ఇంకొకటి, గుడ్డు వెయ్యకుండా అది గట్టిపడదని మా కోడలు అంటుంది, నిజమేనా?

అట్లకాడ

పెద్దమ్మగారూ, గుడ్డు అక్కర్లేదండీ. గుడ్డు వేస్తే కేకులా కోసే ముక్క వస్తుంది, వెయ్యకపోతే చెంచాతో తీసుకునేలా వదులుగా ఉంటుంది. అమెరికన్లలోనే రెండు పార్టీలు ఉన్నాయి. అంతగా అంటుకోవాలనుకుంటే ఒక చెంచాడు అవిసె గింజల పొడి మూడు చెంచాల నీళ్లలో పది నిమిషాలు నానబెట్టి కలపండి, అది ఒక గుడ్డు పని చేస్తుంది. శనగపిండి మాత్రం వద్దు. ఒకసారి తెలివిగా శనగపిండి జారుగా కలిపి పోశాను, ఓవెన్‌లో నలభై నిమిషాలున్నా మధ్యలో పచ్చి వాసన పోలేదు, బజ్జీల పిండిలో బ్రెడ్డు ముంచి మర్చిపోయినట్టుంది.

ఓవెన్ సంగతి మీరన్నది సబబే. ఇంట్లోనే పూర్తిగా కాల్చి, ఫాయిల్ గట్టిగా మూసి, తువ్వాలు చుట్టి తీసుకెళ్తే పక్కిల్లే కాబట్టి వేడి తగ్గదు. వాళ్ల ఓవెన్ ముట్టుకోనక్కర్లేదు.

అసలు చెడిపోయేది బ్రెడ్డు దగ్గర. నా మొదటి ఏడాది కొత్త శాండ్‌విచ్ బ్రెడ్డు చించి వేశాను, బ్రాత్ పోసిన ఐదు నిమిషాలకి రాగి సంకటి అయింది. బ్రెడ్డు పాతబడటం వేరు, ఎండటం వేరు. పాతబడితే పిండి గట్టిపడుతుంది గానీ తేమ చాలావరకు లోపలే ఉంటుంది, దానికి బ్రాత్ పట్టే చోటు ఉండదు. ఒక పౌను బ్రెడ్డు, అంటే 450 గ్రాములు, ముప్పావు అంగుళం ముక్కలు కోసి 250 డిగ్రీల ఫారెన్‌హీట్‌లో ముప్పావు గంట నుంచి గంట, మధ్యలో రెండుసార్లు కదుపుతూ పెట్టండి. రంగు రాకూడదు. గోరుతో కొడితే టక్కుమనాలి. దానికి ఒక స్టిక్ వెన్న, 113 గ్రాములు, రెండు ఉల్లిపాయలు, నాలుగు కాడల సెలెరీ. ఉల్లిపాయ కూరకి వేయించినట్టు ఎర్రగా వద్దు, మగ్గి మెరిస్తే చాలు. తాజా సేజ్ అయితే సన్నగా తరిగి రెండు పెద్ద చెంచాలు, ఎండుదైతే రెండు చిన్న చెంచాలు, దాటితే మందు వాసన. కొంచెం థైమ్, పార్స్‌లీ, మిరియాలు. బ్రాత్ రెండు కప్పులతో మొదలుపెట్టి, ముక్క నొక్కితే తడిగా ఉండి నీరు కారకుండా ఉన్నచోట ఆపండి. 350లో మూతపెట్టి అరగంట, మూత తీసి పదిహేను, ఇరవై నిమిషాలు.

బ్రాత్‌కి పుట్టగొడుగులు వద్దన్నారు కాబట్టి ఉల్లిపాయ, క్యారెట్, సెలెరీ ఆకులు, చెంచాడు టొమాటో పేస్టు, ముందు నూనెలో బాగా ఎర్రగా వేయించి, తర్వాత నీళ్లు, బిర్యానీ ఆకు, మిరియాలు వేసి ముప్పావు గంట మరిగించండి. ఆ ఎరుపు దగ్గరే రుచంతా. వేయించకుండా మరిగిస్తే కూరగాయలు కడిగిన నీళ్లు.

టెక్సాస్ గోంగూర

అట్లకాడ గారూ, రుణపడి ఉంటాను. రెండు డౌట్లు. కొట్లో పౌల్ట్రీ సీజనింగ్ అని డబ్బా చూశాను, అందులో కోడి ఉంటుందా? రెడీమేడ్ మిక్సులు ఏమైనా పనికొస్తాయా?

అట్లకాడ

పౌల్ట్రీ సీజనింగ్‌లో కోడి లేదమ్మా, మన చికెన్ మసాలా పొడిలో చికెన్ లేనట్టే. సేజ్, థైమ్ లాంటి ఆకుల పొడి. పేరు చూసి నేనూ రెండేళ్లు దాని జోలికి వెళ్లలేదు. మిక్సులతో మాత్రం ఉల్టా. పెట్టె మీద బ్రెడ్డూ ఆకులూ బొమ్మ ఉంటుంది, వెనక చిన్న అక్షరాల్లో చికెన్ బ్రాత్ పొడి. 1972లో స్టవ్ టాప్ అనే రెడీమేడ్ మిక్స్ వచ్చినప్పటి నుంచి సగం దేశానికి స్టఫింగ్ అంటే పెట్టెలోదే, దాని రుచే వాళ్ల నాలుక మీద ఉంది. వస్టర్‌షైర్ సాస్ వెయ్యమని ఎవరైనా చెబితే గుర్తుంచుకోండి, మామూలుగా అందులో చిన్న చేపలుంటాయి. బ్రియోష్, ఖలా బ్రెడ్డుల్లో గుడ్డు.

పప్పుచారు

సరే, పోపు మీద ఓడిపోయాను అనుకుందాం. సేజ్ దొరక్కపోతే? నా దగ్గర బాల్కనీలో వామాకు మొక్క ఉంది. నెట్‌లో చూశా, సేజ్, తులసి, వామాకు, పుదీనా అన్నీ ఒకే కుటుంబం మొక్కలట. మూడు వామాకులు సన్నగా తరిగి వెన్నలో వేసి నిన్న రాత్రి చిన్న గిన్నెలో చేశా. ఒట్టు, బాగుంది. సేజ్ కన్నా కొంచెం ఘాటు, వెన్న దాన్ని మెత్తబరిచింది. ఇది పోపు కాదు కాబట్టి అభ్యంతరం చెప్పకూడదు.

అట్లకాడ

ఇది మాత్రం నాకు తట్టలేదు. చేసి చూస్తా. (గెలిచానని అనుకోకండి.)

కరీంనగర్ పోరడు

పొట్టలో కూరిందే స్టఫింగ్ అన్నా కదా, అయితే గుమ్మడికాయలో కూరండి అక్కా. పైన చిన్న మూతలా కోసి, గింజలు తీసి, నింపి కాలిస్తే టేబుల్ మధ్యలో టర్కీకి పోటీగా కూర్చుంటది. కోడిలో కూరితే లోపల 165 డిగ్రీలు వచ్చిందా లేదా అని థర్మామీటర్ గుచ్చి చూడమంటది వ్యవసాయ శాఖ, గుమ్మడికాయకి ఆ పచ్చి రసాల భయం లేదు.

ఆవకాయ జాడీ

గుమ్మడికాయ ఆడవాళ్లు కొయ్యకూడదు నాయనా. మొదటి వేటు వాళ్లాయన చేత వేయించమను.

టెక్సాస్ గోంగూర

అయిపోయిందండీ, శుక్రవారం పొద్దున్నే రాస్తున్నా. రెండు ట్రేలు చేశాను. పెద్దది అట్లకాడ గారి లెక్క ప్రకారం, చిన్నది మా ఆయన కోసం ఇంటి మట్టుకి, ఇంగువ పోపుతో. గుమ్మడికాయ జోలికి పోలేదు, ఆయనకి కత్తి ఇవ్వడం నాకు ఇష్టం లేదు.

పెద్ద ట్రే అంచులు ఎర్రగా కరకరలాడాయి, నా కూతురూ పక్కింటావిడ తండ్రీ ఆ అంచుల కోసమే పోటీపడ్డారు. ఆయనకి ఎనభై దాటాయి, ఒక ముద్ద తిని, నా వైపు చూసి, మళ్లీ ట్రే వైపు నడిచాడు. అంతకంటే ఏం కావాలి. కానీ నేను వేరే చెంచా తీసుకెళ్లడం మర్చిపోయాను. బాత్రూమ్‌కి వెళ్లి వచ్చేసరికి ఎవరో టర్కీ గ్రేవీ గరిటె తెచ్చి మన ట్రేలో పెట్టేశారు, ఒక మూల అంతా గోధుమరంగు. అత్తయ్య చూశారు. "నాకు ఆకల్లేదమ్మా" అన్నారు. ఇంటికొచ్చి చిన్న ట్రేలో పోపు పెట్టింది వేడి చేసి ఇస్తే, సగం తిని, మాగాయ ఉందా అని అడిగారు.

ఆవకాయ జాడీ

ముందే ఆవిడ వాటా డబ్బాలో తీసి పక్కన పెట్టాల్సింది. వచ్చే ఏడాది 26న పడుతుంది, నిరుటిలాగే అప్పుడు కార్తీకమే. ఉల్లిపాయ కూడా ఉండదు, ఇప్పటి నుంచే ఆలోచించుకో.

పప్పుచారు

గమనించారా, అత్తయ్యగారు తిన్నది పోపు ట్రేలోదే. ఇంకేం మాట్లాడను.

అట్లకాడ

ఆవిడ మాగాయ అడిగారు చూడండి, అంటే పోపుతో అది బ్రెడ్ ఉప్మా అయిపోయిందన్నమాట. నేను చెప్పిందీ అదే.

టెక్సాస్ గోంగూర

మీరిద్దరూ తర్వాత కొట్టుకోండి. ఫ్రిజ్‌లో సగం కట్ట సెలెరీ మిగిలిపోయింది, ఇంట్లో ఎవరూ పచ్చిది తినరు. ఏం చెయ్యాలి?

కరీంనగర్ పోరడు

తొక్కు నూరు అక్కా. పచ్చిమిరపకాయ, చింతపండు, ఎల్లిపాయ.

అట్లకాడ

సెలెరీ పచ్చడా? దానికి వేరే చర్చ తెరవండి, ఇక్కడ వద్దు.